ఆఫీసు కంప్యూటర్లకు అప్‌డేట్లు: పెన్‌డ్రైవా, డబ్ల్యూసస్ సర్వరా?

పది పదిహేను సిస్టమ్‌లు, నెట్ అంతంతమాత్రం. ప్రతి మెషీనూ అవే అప్‌డేట్లను విడివిడిగా దించుకుంటుంటే లైన్ మొత్తం జామ్. దీనికి దారులు రెండు: అప్‌డేట్లను ఒకసారి దించి పెన్‌డ్రైవ్‌లో పెట్టుకునే డబ్ల్యూసస్ ఆఫ్‌లైన్ అప్‌డేట్ అనే ఓపెన్ సోర్స్ టూల్, లేదా ఆఫీసులోనే ఒకచోట అప్‌డేట్లు దించి మిగతా సిస్టమ్‌లకు పంచే మైక్రోసాఫ్ట్ వాళ్ల డబ్ల్యూసస్ (WSUS, విండోస్ సర్వర్ అప్‌డేట్ సర్వీసెస్) సర్వర్.

ఖర్చు: టూల్ ఉచితం, ఒక పెన్‌డ్రైవ్ చాలు. డబ్ల్యూసస్‌కు విడిగా డబ్బు కట్టక్కర్లేదు గానీ విండోస్ సర్వర్ లైసెన్సు, ఒక మెషీన్, కనీసం 40 జీబీ డిస్కు కావాలి, అదీ త్వరగానే చాలదు.

శ్రమ: టూల్‌తో ఒక్కసారి డౌన్‌లోడ్ చేసి, ఒక్కో సిస్టమ్ దగ్గరా అప్‌డేట్ ఇన్‌స్టాలర్ నడిపి, రీస్టార్ట్ అయ్యేదాకా కూర్చోవాలి. సర్వర్‌లో మొదట గ్రూప్ పాలసీ (అన్ని సిస్టమ్‌లకూ ఒకేచోటి నుంచి సెట్టింగులు పెట్టే పద్ధతి) సెట్ చేయడమే తలనొప్పి, ఆ తర్వాత ఏ అప్‌డేట్ వెళ్లాలో కుర్చీలోంచే అప్రూవ్ కొట్టొచ్చు. పాత అప్‌డేట్లను డిక్లైన్ చేసి (వద్దని కొట్టేసి) క్లీనప్ విజార్డ్ నడపకపోతే మాత్రం డబ్ల్యూసస్ కన్సోల్ నత్తనడకే.

రిస్కు: ఏ మెషీన్ మిగిలిపోయిందో పెన్‌డ్రైవ్ చెప్పదు, లాగ్ ఫైల్ ఆ మెషీన్‌లోనే ఉంటుంది. పైగా వైరస్ కూడా అదే డ్రైవ్ మీద ఊరేగుతుంది, కాబట్టి ఐఎస్‌ఓ (డిస్కు ఇమేజ్ ఫైల్) చేసి డీవీడీలో రాసుకోవడం మేలు. సర్వర్ రిపోర్టు ఇస్తుంది. అయితే డబ్ల్యూసస్‌కు ఇక కొత్త ఫీచర్లు చేర్చబోమని 2024 సెప్టెంబరులో మైక్రోసాఫ్టే ప్రకటించింది, ప్రస్తుతానికి పనిచేస్తోంది.

నెట్ అసలు లేని ల్యాబ్, కొత్తగా ఫార్మాట్ చేసిన సిస్టమ్‌లు, పల్లెటూరి స్కూలు అయితే పెన్‌డ్రైవే. డొమైన్ (సిస్టమ్‌లన్నీ ఒకే సర్వర్ అజమాయిషీలో ఉండే నెట్‌వర్క్) ఉండి, యాభై దాటిన సిస్టమ్‌లు, ఆడిట్ అడిగే ఆఫీసు అయితే సర్వర్ పెట్టండి.