ఈకలు రాలిన కోడికి మందు అంటగట్టని దాణా కొట్టు

అమలాపురం చుట్టుపక్కల నాటుకోళ్లు పెంచుకునేవాళ్లు, దసరా వెళ్లాక కోడి ఈకలు కుప్పలుగా రాలుతున్నాయని టెన్షన్ పడుతుంటే మందులు కొనేముందు మార్కెట్ వెనక ఉన్న దాణా కొట్టుకి ఒకసారి వెళ్లండి. బోర్డు ఉండదు, గుమ్మం ముందు తవుడు బస్తాలుంటాయి.

మా డేగ పెట్ట (ఎర్ర ఈకలది) మెడంతా బోడైపోయి గుడ్లు మానేసింది. వేరేచోట అడిగితే కోడిని చూడకుండానే పేల మందు, టానిక్ సీసా చేతిలో పెట్టేశారు. ఈ కొట్టాయన మాత్రం ముందు ప్రశ్నలే వేశారు. "మెడ దగ్గర మొదలైందాండి, వీపు మీదేనా? పొదుగుడుకి గానీ వచ్చిందా?" వీపు ఒక్కటే బోడైతే పుంజు తొక్కుడు, పొట్ట కింద పోతే పొదుగుడు పెట్ట తనే పీక్కోవడం, ముడ్డి దగ్గర ఈక మొదట్లో తెల్లగా గుత్తులు కట్టి ఉంటే అవి పేల గుడ్లు. మెడతో మొదలై వీపు, రొమ్ము, రెక్కలు, తోక వరకూ వరసగా పోతే అది పాత ఈక దులిపి కొత్తది వేసుకోవడమే. మన దగ్గర జూన్‌లో 13 గంటలుండే పగలు డిసెంబరుకి 11కి తగ్గిపోతుంది, ఏడాది దాటిన పెట్టలకి అదే సంకేతమట.

గంపలో తీసుకెళ్లిన పెట్ట మెడ మీద ఈకలు విడదీసి చూపించారు, చర్మంలోంచి నీలంగా పుల్లల్లా పొడుచుకొస్తున్నాయి. వాటినిండా రక్తమే ఉంటుంది, విరిగితే కారుతుంది, కాబట్టి ఈ రెండు మూడు నెలలూ ఊరికే పట్టుకోవద్దన్నారు.

ఇక దాణా. ఈకలో 80 శాతం పైగా ప్రోటీనే, మనం వేసే నూకల్లో చూస్తే 8 శాతం కూడా కష్టమే, మరి ఈక ఎక్కణ్ణుంచి వస్తుందండి? గుడ్లు పెట్టే కోళ్ల దాణాలో కాల్షియం ఎక్కువ, ఇప్పుడది అక్కర్లేదని 20 శాతం ప్రోటీన్ ఉన్న కోడిపిల్లల దాణా ఇచ్చి, పైన కాస్త ఉప్పు లేని ఎండుచేపల పొడి కలపమన్నారు. ఉప్పుచేప పొడి అడిగినా ఇవ్వరు, కోడికి ఉప్పు ఎక్కువైతే విషమే. సంక్రాంతికల్లా మా పెట్ట నిగనిగలాడింది, గుడ్లు ఇంకొంచెం ఆలస్యంగా మొదలెట్టింది. కోడి ముడుచుకుపోయి ఆకుపచ్చగా విరేచనాలవుతుంటే, మెడ తిప్పేస్తుంటే అది కొక్కెర తెగులు (రాణిఖేత్ అనే వైరస్ జబ్బు) కావచ్చు, తన దగ్గరకి రావద్దు, పశువుల ఆసుపత్రికే వెళ్లమని ఆయనే చెబుతారు. నాకు ఆ మాట బాగా నచ్చింది.

నచ్చనిది ఒకటుంది, బస్తాలు నేల మీదే పెడతారు. వానాకాలంలో మన చెమ్మకి, ముఖ్యంగా వేరుశనగ చెక్కకి, బూజు పట్టేస్తుంది, విడిగా కొనేవాళ్లు గుప్పెడు తీసి వాసన చూసుకోండి. ధర కూడా పక్క కొట్లకన్నా కాస్త ఎక్కువే. పండగ నెలలో పందెం పుంజుల వాళ్లతో కిటకిటలాడుతుంది, ఆయనతో తీరిగ్గా మాట్లాడాలంటే పొద్దున్నే వెళ్లాలి.