ప్యాచ్‌లు రాని గేమ్‌ను కొనకండి: వరంగల్ వైపు కొనుగోలుదారులకు హెచ్చరిక

హనుమకొండ, వరంగల్, కాజీపేటలలో కంప్యూటర్ గేమ్‌లు కొనే విద్యార్థులకూ, పిల్లలకు కొనిపెట్టే తల్లిదండ్రులకూ ఈ హెచ్చరిక. ‘ఆఫ్‌లైన్ యాక్టివేషన్’ పేరుతో, అసలు ధరలో చిన్న భాగానికే పెద్ద గేమ్‌లను కంప్యూటర్‌లో ఎక్కించి ఇచ్చేవారి దగ్గర ఎల్డెన్ రింగ్ వంటి కష్టమైన యాక్షన్ గేమ్‌లను దయచేసి కొనకండి. ఎక్కించేది అసలు గేమే కాబట్టి మోసం వెంటనే బయటపడదు. కానీ ఆ గేమ్‌కు ప్యాచ్‌లు, అంటే విడుదల తరువాత లోపాలను సరిచేస్తూ తయారీదారులు పంపే అప్‌డేట్లు, రావు; ప్యాచ్‌లు రాని గేమ్ విడుదలైన రోజున ఏ లోపాలతో ఉందో ఆ లోపాలతోనే ఉండిపోతుంది.

మా తమ్ముడు దసరా సెలవులకు ముందు హనుమకొండలోని ఒక కంప్యూటర్ దుకాణంలో ఎల్డెన్ రింగ్ కొన్నాడు. దుకాణదారు, కంప్యూటర్ గేమ్‌లు అమ్మే ఆన్‌లైన్ వేదిక అయిన స్టీమ్‌లో ఎవరిదో ఖాతాతో లాగిన్ అయి, తన హార్డ్‌డిస్క్‌లోని ఫోల్డర్‌ను కాపీ చేసి, స్టీమ్‌ను ఆఫ్‌లైన్ మోడ్‌లో పెట్టి, దాన్ని ఎప్పుడూ ఆన్‌లైన్‌కు మార్చవద్దని చెప్పి పంపాడు. అప్‌డేట్ల సంగతి అడిగితే, “గేమ్ మొత్తం ఎక్కించి ఇస్తున్న గద తమ్మీ, ఇగ అప్‌డేట్‌తోని నీకేం పని?” అన్నాడట.

ఇంటికి వచ్చాక గేమ్ తెరిస్తే మొదటి తెర మీద యాప్ వెర్షన్ 1.02 అని కనిపించింది. అది 2022 ఫిబ్రవరి 25న గేమ్ విడుదలైననాటి వెర్షన్. ఆ మార్చిలోనే వచ్చిన 1.03తో, మనం కలిసిన పాత్రలు ఎక్కడెక్కడ ఉన్నాయో మ్యాపులో పేర్లతో సహా కనిపించే సౌకర్యం వచ్చింది. మా తమ్ముడి మ్యాపులో అదేమీ లేదు. 2023 మార్చిలో వచ్చిన రే ట్రేసింగ్ (వెలుతురు, నీడలను సహజంగా చూపే పద్ధతి) లేదు. మధ్యలో ఆయుధాల బలాబలాల్లో చేసిన సవరణలు ఒక్కటీ లేవు. 2024 జూన్‌లో విడుదలైన షాడో ఆఫ్ ది ఎర్డ్‌ట్రీ అనే అదనపు భాగాన్ని డబ్బు పెట్టి కొనుక్కుందామన్నా దారి లేదు, ఎందుకంటే ఖాతా తనది కాదు, గేమ్ వెర్షనూ దానికి సరిపోదు.

పైపైన చూస్తే ఇవి అల్పమైన విషయాలుగా కనిపించవచ్చు. కానీ ఈ తరహా గేమ్‌లలో గెలుపోటములు లిప్తపాటులో తేలిపోతాయి. సెకనుకు 60 ఫ్రేమ్‌ల (వరుసగా చూపే చిత్రాల) వేగంతో నడిచే గేమ్‌లో ఒక్కో ఫ్రేమ్‌కు దొరికే సమయం సుమారు 16.7 మిల్లీసెకన్లు. శత్రువు కత్తి దూసినప్పుడు పక్కకు దొర్లి తప్పించుకోవడానికి ఉండే అవకాశం అలాంటి కొద్ది ఫ్రేముల్లోనే ఉంటుంది. సరిగ్గా అప్పుడు చిత్రం సెకనులో ఐదో వంతు నిలిచిపోతే 12 ఫ్రేములు పోయినట్టే. మళ్ళీ కదిలేసరికి దెబ్బ తగిలి ఉంటుంది. నెమ్మదిగా సాగే గేమ్‌లో ఇది చిరాకు మాత్రమే, ఇక్కడ మాత్రం ఆడేవాడి నేర్పుకు విలువే లేకుండా పోతుంది.

ఈ ఆగడానికి ఒక ముఖ్య కారణం షేడర్లు, అంటే వెలుతురు, పొగ, మంట వంటివాటిని ఎలా గీయాలో గ్రాఫిక్స్ కార్డుకు చెప్పే చిన్న ప్రోగ్రాములు. కన్సోల్‌లో, అంటే ప్లేస్టేషన్ వంటి గేమ్‌ల యంత్రంలో, హార్డ్‌వేర్ ఒక్కటే కాబట్టి వాటిని ముందే సిద్ధం చేసి గేమ్‌తో పాటు ఇస్తారు. కంప్యూటర్లలో కార్డులు వందల రకాలు, కాబట్టి ఆ పని మన యంత్రంలోనే జరగాలి. కొత్త మంత్రమో కొత్త శత్రువో మొదటిసారి కనిపించిన క్షణంలో అది జరిగితే చిత్రం ఆగుతుంది. చాలా గేమ్‌లలో ప్యాచ్‌లు ఈ పనిని మొదటి మెనూ దగ్గరికే జరిపి ఇబ్బందిని తగ్గించాయి.

కన్సోల్ నుంచి కంప్యూటర్‌కు వచ్చిన గేమ్‌ల చరిత్ర చూస్తే ప్యాచ్‌ల విలువ ఇంకా బాగా తెలుస్తుంది. 2012లో డార్క్ సోల్స్ అనే గేమ్ కంప్యూటర్‌కు వచ్చినప్పుడు, ఎంత మంచి మానిటర్ ఉన్నా లోపల చిత్రం 1024×720 పిక్సెళ్ల దగ్గరే ఆగిపోయేది. విడుదలైన కొద్ది గంటల్లోనే డురాంటే అనే పేరుతో పిలిచే ప్రోగ్రామర్ డీఎస్‌ఫిక్స్ అనే చిన్న ప్రోగ్రామ్ తయారుచేసి ఆ కట్టు విప్పాడు. ఆ పని అభిమాని చేయవలసి వచ్చిందన్నది నాకు ఇప్పటికీ బాధ కలిగించే విషయమే. డార్క్ సోల్స్ 2లో మరీ విచిత్రమైన లోపం ఉండేది. ఆయుధం అరిగే లెక్క ఫ్రేమ్‌ల వేగానికి ముడిపడి ఉండడంతో, 60 ఫ్రేమ్‌లతో ఆడేవారి కత్తి 30 ఫ్రేమ్‌లతో ఆడేవారి కత్తి కంటే దాదాపు రెట్టింపు వేగంతో అరిగిపోయేది. దాన్ని 2015లో సరిచేశారు. నియో అనే గేమ్ 2017లో మౌస్‌తో ఆడే వీలే లేకుండా వచ్చింది, తరువాత ప్యాచ్‌తో ఆ సదుపాయం ఇచ్చారు. అదే ఏడాది వచ్చిన నియర్ ఆటోమాటాకు సరైన అధికారిక ప్యాచ్ 2021 జులైలో గాని రాలేదు.

ప్యాచ్‌లు అన్నీ నయం చేస్తాయని నేను చెప్పడం లేదు. ఎల్డెన్ రింగ్‌లో 60 ఫ్రేమ్‌ల పరిమితి నేటికీ ఉంది, కొన్ని చోట్ల ఆగడమూ పూర్తిగా పోలేదు. అయినా సొంత ఖాతాలో కొన్నవారికి వచ్చిన ప్రతి మెరుగుదలా అదనపు ఖర్చు లేకుండా అందింది.

ఇంకో నష్టం గురించి ఎవరూ ముందుగా చెప్పరు. ఎల్డెన్ రింగ్ సేవ్ ఫైలు (ఎంతవరకు ఆడామో భద్రపరిచే ఫైలు) స్టీమ్ ఖాతా సంఖ్యకు కట్టుబడి ఉంటుంది. ఇతరుల ఖాతాలో గంటల తరబడి ఆడి, తరువాత సొంతంగా కొన్నా ఆ పాత సేవ్ నేరుగా తెరుచుకోదు. ఖాతాలను అమ్మడం స్టీమ్ నిబంధనలకే విరుద్ధం కాబట్టి, రేపు అసలు యజమాని పాస్‌వర్డ్ మార్చినా మనం స్టీమ్‌ను అడగడానికి ఏమీ ఉండదు. సొంత ఖాతాలో కొంటే, 14 రోజుల లోపు, రెండు గంటల కంటే తక్కువ ఆడి ఉంటే డబ్బు వెనక్కి అడగవచ్చు. దుకాణంలో కొన్నదానికి ఆ వీలు లేదు. మా తమ్ముడు అడిగితే “ఒక్కసారి యాక్టివేట్ చేసినంక పైసలు రిటర్న్ ఉండవు” అన్నారు.

కాబట్టి గేమ్ మీ సొంత ఖాతాలోకే రావాలని పట్టుబట్టండి. ధర ఎక్కువనిపిస్తే స్టీమ్ సేల్ వచ్చేవరకు ఆగండి. ఈలోగా మరికొన్ని ప్యాచ్‌లు కూడా వచ్చి ఉంటాయి. కొనే ముందు స్టీమ్ పేజీలో మొత్తం రివ్యూలతో పాటు ఇటీవలి రివ్యూలను విడిగా చూడండి, ఎందుకంటే విడుదలైన వారంలో తిట్టినవారి మాటకూ ప్యాచ్‌ల తరువాత ఆడినవారి మాటకూ చాలా తేడా ఉండవచ్చు. ఇప్పటికే దుకాణంలో కొన్నవారు మొదటి తెర మీది వెర్షన్ సంఖ్యను తాజా ప్యాచ్ సంఖ్యతో పోల్చుకోండి. దుకాణదారు నుంచి బిల్లు తప్పక తీసుకోండి; ఇవ్వనంటే అక్కడ కొనకండి. బిల్లు ఉండి, చెప్పినదానికీ ఇచ్చినదానికీ పొంతన లేకపోతే జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915కు ఫోన్ చేసి ఫిర్యాదు నమోదు చేయించవచ్చు.