పోత ఇనుప పెనంలో ఆకుకూరల ఫ్రిటాటా: కొన్నేళ్ల వాడకం తరువాత సమీక్ష

ఆకుకూరలు, చీజ్ కలిపి ఇటాలియన్ పద్ధతిలో చేసే ఫ్రిటాటా అనే మందపాటి గుడ్ల అట్టు కోసమే ప్రధానంగా కొన్న 24 సెంటీమీటర్ల పోత ఇనుప పెనాన్ని కొన్నేళ్లుగా విడవకుండా వాడుతున్నాను. మేము ఉండేది ఇటలీలోని బొలోన్యాలో. ఇక్కడి ఇళ్లలో ఫ్రిటాటా పండుగ వంట కాదు. గుడ్లు, గుప్పెడు ఆకులు, చీజ్ ముక్క ఉన్న ఏ పూటైనా చేసుకొనేది. కొన్న కొత్తలో రాసే సమీక్షల్లో పెనం నునుపు, బరువు, ధర గురించే ఎక్కువగా ఉంటుంది. అది వంటకు ఎంతవరకు పనికివస్తుందో తెలియాలంటే మాత్రం అన్ని ఋతువులూ గడవాలి, ఎందుకంటే ఋతువుతో పాటు పెనంలో పడే ఆకు మారుతుంది, ఆకుతో పాటు అందులోని నీరూ మారుతుంది. నా అభిప్రాయం ముందే చెబుతాను: ఈ వంటకానికి ఇంతకన్న తగిన పెనం నాకు దొరకలేదు, కానీ ఆకుకూరను సరిగా పిండకపోతే ఏ పెనమూ ఫ్రిటాటాను నిలబెట్టలేదు.

మన ఇళ్లలో ఆమ్లెట్ పెద్ద మంట మీద పల్చగా, రెండు నిమిషాల్లో అయిపోతుంది. ఫ్రిటాటా అలా కాదు. గిలక్కొట్టిన గుడ్ల సొనలోనే ఉడికించిన ఆకుకూర, తురిమిన చీజ్ కలిసిపోతాయి. ఆ మిశ్రమం దాదాపు 2 సెంటీమీటర్ల మందాన, సన్నని సెగ మీద నిదానంగా గట్టిపడుతుంది. దాన్ని మడవరు, రెండు వైపులా కాలుస్తారు, ఆ తరువాత ముక్కలుగా కోసి గోరువెచ్చగానో పూర్తిగా చల్లారాకో తింటారు. ఈస్టర్ మరునాటి సోమవారం ఇక్కడి కుటుంబాలు భోజనాలు కట్టుకొని ఊరి బయటికి వెళతాయి. ఆ మూటల్లో ఫ్రిటాటా అంత తరచుగా కనిపించడానికి కారణం చల్లారినా దాని రుచి చెడకపోవడమే.

గుడ్డు తెల్లసొన సుమారు 62 డిగ్రీల సెల్సియస్ దగ్గర చిక్కబడటం మొదలుపెడుతుంది, పచ్చసొన 65 నుండి 70 మధ్య చిక్కబడుతుంది, రెండూ కలిపిన సొన 73 దరిదాపుల్లో గట్టిపడుతుంది. వేడి అక్కడితో ఆగక పెరుగుతూ పోతే గుడ్డులోని మాంసకృత్తుల అల్లిక బిగుసుకొని, తాను పట్టి ఉంచిన నీటిని బయటికి వదిలేస్తుంది. పళ్లెంలో ముక్క కింద పచ్చని నీరు చేరినా, నమిలేటప్పుడు ముక్క సాగినా కారణం అదే. అంటే ఈ వంటకానికి కావలసింది పెద్ద వేడి కాదు, నిలకడైన చిన్న వేడి. పోత ఇనుము వేడిని తనంతట తానే సమంగా పంచుతుందని చాలామంది నమ్ముతారు, కానీ అది నిజం కాదు. అల్యూమినియంతో పోలిస్తే ఇనుములో వేడి నెమ్మదిగా ప్రయాణిస్తుంది, కాబట్టి తొందరపడి పెద్ద మంట పెడితే బర్నరు తగిలే వలయం ఒక్కటే కాలిపోతుంది. సన్నని సెగ మీద 6, 7 నిమిషాలు ఓపికగా వేడెక్కనిస్తే మాత్రం దాని మందం వల్ల పెనం నిండా వేడి చేరి నిలిచిపోతుంది, ఫ్రిజ్‌లోంచి తీసిన గుడ్ల సొన పోసినా ఆ వేడి ఒక్కసారిగా పడిపోదు. ఈ ఒక్క గుణం కోసమే ఇంత బరువును భరిస్తున్నాను.

ఇక ఆకుల సంగతి. ఫ్రిటాటా బాగోగులు తేలేది నిజానికి ఇక్కడే. పచ్చి పాలకూర బరువులో దాదాపు 91 శాతం నీరే. అర కిలో ఆకు ఉడికించి పిండితే రెండు గుప్పిళ్లకు మించి రాదు. పిండకుండా కలిపితే ఆ నీరంతా గుడ్లలోకి దిగి, పైభాగం గట్టిపడే లోపే అడుగు మాడే పరిస్థితి వస్తుంది. కడిగిన ఆకులకు అంటుకొని ఉన్న తడితోనే, వేరే నీళ్లు పోయకుండా, మూత పెట్టి మగ్గించి, చల్లార్చి, పల్చని గుడ్డలో మూటగట్టి మెలితిప్పి పిండడం నేను పాటించే పద్ధతి. ఆ తరువాత సన్నగా తరిగి, వెల్లుల్లి రెబ్బ వేసిన ఆలివ్ నూనెలో మరోసారి వేయిస్తాను. ఈ రెండో వేపుడును అనవసరమని వదిలేసేవారున్నారు, నేను మాత్రం వదలను. మిగిలిన తేమ పోయేదీ, ఆకుకు నూనె పట్టి రుచి తేలేదీ అప్పుడే.

ఇక్కడ పాలకూర కంటే ఎక్కువగా వాడేది బియెతొలా అనే ఆకు. బీట్‌రూట్‌దీ దీనిదీ ఒకే వృక్షజాతి, కాకపోతే దీన్ని దుంప కోసం కాక ఆకు కోసం, వెడల్పైన తెల్లని కాడ కోసం పెంచుతారు. కాడ ఉడకడానికి ఆకు కంటే ఎక్కువ సమయం పడుతుంది కనుక దాన్ని విడిగా తరిగి ముందు వేయించాలి. దానిలోని మట్టివాసన తగిలే తియ్యదనం గుడ్డుకు బాగా అమరుతుంది, నాకు పాలకూర కంటే ఇదే ఇష్టం. దగ్గర్లోని రెజ్జో ఎమీలియా పట్టణంలో ఇదే ఆకును, చీజ్‌ను పిండి పొరల మధ్య పెట్టి ఎర్బాట్సోనే అనే వంటకం చేస్తారు. ఈ ప్రాంతంలో ఆకుకూరకూ చీజ్‌కూ ఉన్న పొత్తు ఎంత బలమైనదో దాన్ని తిన్నాక బాగా అర్థమైంది. వసంతంలో ఓర్తీకా అనే మొక్క (ఇంగ్లిష్‌లో నెటిల్) లేత చివుళ్లు కూడా మార్కెట్లకు వస్తాయి. చేతికి దురద పెట్టే ఈ ఆకు వేడినీళ్లలో పడగానే ఆ గుణాన్ని కోల్పోతుంది, రుచి పాలకూర కంటే గాఢంగా ఉంటుంది, నీరు కూడా తక్కువే వదులుతుంది. చికోరియా అనే చలికాలపు ఆకు చేదుగా ఉంటుంది కాబట్టి దాన్ని ఉప్పునీళ్లలో ఉడికించి ఆ నీళ్లు పారబోయాలి.

చీజ్ విషయంలో నా మాట సూటిగా ఉంటుంది: తీగలు సాగే చీజ్ కోసం ఫ్రిటాటా చేయవద్దు. తాజా మొజరెల్లాలో సగానికి పైగా నీరే ఉంటుంది. అంత కష్టపడి ఆకులోంచి పిండిన నీటిని చీజ్ రూపంలో తిరిగి పోసినట్లవుతుంది. బాగా నిల్వబెట్టిన గట్టి చీజ్ సన్నని తురుముగా సొనలో కలిసి, రుచినిస్తూనే ముక్కకు బిగువునిస్తుంది. అలాంటి గట్టి చీజ్ అయిన పార్మిజానో రెజ్జానో కనీసం 12 నెలలు మాగినదై ఉండాలన్నది దాని ఉత్పత్తి నియమం. ఈ వంటకానికి 24 నెలలది నాకు అన్నిటికంటే నచ్చింది, 8 గుడ్లకు 60 గ్రాములు సరిపోతుంది. చవకైన గ్రానా పదానో కనీసం 9 నెలలది, రుచి మృదువుగా ఉంటుంది, రోజువారీ వాడకానికి అభ్యంతరం లేదు. గొర్రెపాలతో చేసే పెకొరీనో రొమానో ఉప్పన, ఘాటు. అది వేసినప్పుడు విడిగా ఉప్పు వేయను, చికోరియా వంటి చేదు ఆకుకు దానికి మించిన జత లేదు. రికోటా అనే మెత్తని తడి చీజ్ వేయాలనుకుంటే ముందు రాత్రే గుడ్డలో వేలాడదీసి నీరు కారనివ్వాలి. ఒక విషయం తప్పక తెలిసి ఉండాలి: పార్మిజానో రెజ్జానో తయారీలో పాలను విరగ్గొట్టడానికి దూడ కడుపు నుండి తీసిన రెన్నెట్ వాడతారు. గుడ్డు తిన్నా మాంసం ముట్టని వారు మన ఇళ్లలో చాలామంది ఉన్నారు. వారికి వడ్డించే ముందు ఈ మాట చెప్పడం మన బాధ్యత.

వండే క్రమం ఇది. మధ్యస్థ పరిమాణపు గుడ్లు, అంటే ఇక్కడి లెక్కలో ఒక్కొక్కటి 53 నుండి 63 గ్రాములు తూగేవి 8 తీసుకొని, తెల్లసొన, పచ్చసొన కలిసేవరకే ఫోర్కుతో కలపాలి. నురగ వచ్చేలా గిలక్కొడితే ముక్క పొంగి, చల్లారగానే కుంగిపోతుంది. చీజ్, మిరియాల పొడి, చల్లారిన కూర అందులో కలపాలి. వేడెక్కిన పెనంలో రెండు చెంచాల ఆలివ్ నూనె వేసి, గోడలకు కూడా అంటేలా తిప్పి, మిశ్రమం పోసి, మొదటి నిమిషంలో అంచుల నుండి మధ్యకు రెండు మూడుసార్లు నెమ్మదిగా కలిపి వదిలేయాలి. మూత పెట్టి అతి సన్నని సెగ మీద 10 నుండి 12 నిమిషాలు ఉంచితే పైన వేలెడు వెడల్పు తడి మాత్రమే మిగులుతుంది.

అసలు చిక్కు తిరగవేయడంలో ఉంది. ఇక్కడి పెద్దవాళ్లు పెనం మీద పళ్లెం బోర్లించి, ఒక్క విసురుతో తిప్పి, ఫ్రిటాటాను మళ్లీ పెనంలోకి జార్చుతారు. తేలికైన పెనంతో అది చూడముచ్చటైన నేర్పు. కానీ నా పెనం ఖాళీగానే దాదాపు 2 కిలోలు; నిండుగా, వేడిగా ఉన్నదాన్ని మణికట్టు మీద తిప్పడం క్షేమం కాదని నా దృఢమైన అభిప్రాయం. పిడి కూడా ఇనుమే కాబట్టి పెనాన్ని నేరుగా ఓవెన్‌లో పై గ్రిల్లు కింద 3, 4 నిమిషాలు పెట్టవచ్చు, పైభాగం బంగారు రంగు తిరుగుతుంది. ప్లాస్టిక్ పిడి ఉన్న పెనానికి, అంటుకోని పూత ఉన్న పెనానికి ఈ సౌకర్యం లేదు. ఆ పూత సుమారు 260 డిగ్రీలు దాటితే చెడిపోవడం మొదలవుతుంది, గ్రిల్లు కింద ఆ హద్దు ఎప్పుడు దాటుతుందో కంటికి కనిపించదు. మధ్యభాగం 71 డిగ్రీలకు చేరితే గుడ్డు భద్రంగా ఉడికినట్లు. ఓవెన్ నుండి తీసిన పెనం పిడి చాలాసేపు చేయి కాల్చేంత వేడిగా ఉంటుంది కనుక దాని మీద మందపు గుడ్డ కప్పి ఉంచడం మా ఇంట్లో నియమం.

సంరక్షణ విషయంలో ఈ పెనం శ్రద్ధ కోరుతుంది. మొదటి నెలల్లో గుడ్డు అక్కడక్కడ పట్టుకునేది. నూనె పలుచగా పట్టించి వేడి చేస్తూ వచ్చిన కొద్దీ ఉపరితలం నల్లగా, నున్నగా తేలింది, ఇప్పుడు అట్లకాడ పెట్టకుండానే ఫ్రిటాటా జారి వస్తుంది. గోరువెచ్చని నీళ్లతో కడిగి, పొయ్యి మీద పూర్తిగా ఆరబెట్టి, చుక్క నూనె రాసి పెట్టడం రోజువారీ పని. నీళ్లలో నానబెట్టకూడదు. మేముండే పొ నదీ మైదానంలో శరత్కాలపు తేమ ఎక్కువ. ఆ రోజుల్లో నూనె రాయకుండా వదిలితే తుప్పు చుక్కలు తేలతాయి, రుద్ది మళ్లీ నూనె పట్టిస్తే పోతాయి. టమాటా, నిమ్మరసం వంటి పులుపు ఎక్కువసేపు ఉంటే ఆ నల్లని పొర కరుగుతుంది, వంటకు ఇనుప రుచి ఎక్కుతుంది. అందుకే పులుపున్నవన్నీ వేరే పాత్రలో వండుకుంటాను.

సెలవులకు గుంటూరు వెళ్లినప్పుడు ఈ వంటకాన్ని అక్కడి ఆకులతో చేసి చూశాను. తోటకూర, పాలకూర, బీట్‌రూట్ మూడూ ఒకే వృక్షకుటుంబానికి చెందినవి; లేత తోటకూర, బీట్‌రూట్ ఆకులు ఇక్కడి బియెతొలాకు దగ్గరగా వస్తాయి. మెంతికూర కొద్దిగా కలిపితే గట్టి చీజ్ ఉప్పదనానికి ఆ చేదు చక్కగా సరిపోయింది. గోంగూర, చుక్కకూర పులుపు వల్ల ఇనుప పెనానికి పనికిరావు; బచ్చలి జిగురు నాకు నచ్చలేదు. అక్కడ దొరికే చాలా గుడ్లు ఇక్కడివాటి కంటే చిన్నవి, కాబట్టి 8కి బదులు 10 పడతాయి. పనీరు కరగదు, కానీ పొడిగా చిదిపి వేస్తే రికోటా చోటును బాగానే నింపుతుంది. రుచి కోసం పచ్చ చుక్క గుర్తున్న గట్టి చీజ్ తురుము కొద్దిగా జత చేయడం మంచిది. అమ్మ దాన్ని చారన్నం పక్కన వడ్డించింది, నిమ్మకాయ ఊరగాయతో పాటు. ఇక్కడ రొట్టె మధ్య పెట్టుకొని తినే ముక్కకు ఆ పూట దొరికిన తోడు నాకు ఎక్కువ నచ్చిందని సంకోచం లేకుండా చెబుతాను.

నలుగురు ఉన్న ఇంటికి 24 సెంటీమీటర్ల పెనం, 8 గుడ్లు సరైన కొలత; ఇద్దరే ఉంటే 20 సెంటీమీటర్లది, 5 గుడ్లు. 28 సెంటీమీటర్ల పెనంలో ఇదే మిశ్రమం పల్చగా పరుచుకొని త్వరగా ఎండిపోతుంది, కాబట్టి ఎప్పటికైనా పనికివస్తుందని పెద్దది కొనవద్దు. మణికట్టు నొప్పి ఉన్నవారికి, ఓవెన్ లేనివారికి పోత ఇనుము నేను సూచించను. వారికి మందపాటి అడుగున్న తేలికైన పెనం, దానికి సరిపోయే చదునైన మూత ఉంటే తిరగవేయడం తేలిక. మిగిలిన ముక్కలను రెండు గంటల లోపు ఫ్రిజ్‌లో పెట్టి, రెండు రోజుల్లో తినేయాలి. తినే ముందు అరగంట బయట పెడితే చాలు, మళ్లీ వేడి చేయనక్కరలేదు.