కింగ్ క్రిమ్సన్: పదిహేనేళ్లు విన్నాక

బ్రిటిష్ రాక్ బ్యాండు కింగ్ క్రిమ్సన్‌ని వినడం ఎక్కడ మొదలుపెట్టాలని ఎవరడిగినా నేను చెప్పేది ఒకటే: 1969 నుంచి వరసగా మాత్రం వినకండి. నేను అలాగే విని, మూడో ఆల్బమ్ 'లిజర్డ్' దగ్గర విసుగొచ్చి రెండేళ్లు పక్కన పడేశాను.

మొదటి ఆల్బమ్ 'ఇన్ ద కోర్ట్ ఆఫ్ ద క్రిమ్సన్ కింగ్' బాగుండదని కాదు. అందులో మెల్లోట్రాన్ అనే కీబోర్డు వాడారు. కీ నొక్కితే లోపల టేపు కదిలి, వయొలిన్ల గుంపు వాయించినట్టు మోగుతుంది. ఆ మోత ఇప్పటికీ ఒళ్లు జలదరింపజేస్తుంది. కానీ 'మూన్‌చైల్డ్' ఉందే, 12 నిమిషాలు! పాడేది కాస్తే, మిగతాదంతా ఎవరో వాద్యాలు శ్రుతి చేసుకుంటున్నట్టే ఉంటుంది. నేనైతే దాటేస్తాను.

1974 నాటి 'రెడ్'తో మొదలుపెట్టండి. అప్పటికి మిగిలింది ముగ్గురే: గిటార్ రాబర్ట్ ఫ్రిప్, బేస్ గిటార్ వాయిస్తూ పాడే జాన్ వెట్టన్, డ్రమ్స్ బిల్ బ్రూఫర్డ్. ఆల్బమ్ బయటికొచ్చేలోపే ఫ్రిప్ బ్యాండు మూసేశాడు. చివర్లో వచ్చే 'స్టార్‌లెస్' మధ్యలో అతను ఒకే స్వరం పట్టుకుని మీటుతూ ఉంటాడు. మా ఆవిడ మొదటిసారి విని "సీడీ ఇరుక్కుపోయిందా?" అంది. కింద బేస్ 13 లెక్కలో తిరుగుతుంది. చిన్నప్పుడు రెండేళ్లు మృదంగం నేర్చుకున్న పుణ్యమా అని తొడ మీద నాలుగు, నాలుగు, ఐదు అని వేసుకుంటేగానీ నాకు అందలేదు. ఆ స్వరం మెట్టు మెట్టుగా పైకి పోతుంటే టెన్షన్ భరించలేం. అంతా వేగమందుకుని, ఆఖరికి మొదట్లో విన్న రాగమే మళ్లీ వచ్చి మీద పడుతుంది.

ఫ్రిప్ మళ్లీ బ్యాండు కట్టి 1981లో చేసిన 'డిసిప్లిన్'లో బ్యాండు పేరే పాతది, సంగీతం కొత్తది. ఫ్రిప్, ఏడ్రియన్ బెలూ గిటార్లు చెరో లెక్కలో బయల్దేరి, కొన్ని చుట్లు తిరిగాక కలుసుకుంటాయి. ఇది హెడ్‌ఫోన్స్‌లోనే వినాలి.

2003 దాకా మొత్తం 13 స్టూడియో ఆల్బమ్‌లు చేశారు. 1995 'థ్రాక్'లో ఆరుగురు వాయించారు, అక్కడక్కడా బాగుంటుంది. 1972 లైవ్ రికార్డు 'ఎర్త్‌బౌండ్' క్యాసెట్ మీద పట్టింది, సౌండ్ ఘోరం. పిచ్చి బాగా ముదిరాక చూసుకోండి.

'లిజర్డ్' మాటకొస్తే, 2009లో సంగీతకారుడు స్టీవెన్ విల్సన్ పాత రికార్డింగునే మళ్లీ కలిపి చేసిన రీమిక్స్ నాకు ఆలస్యంగా దొరికింది. ఒకదాని మీద ఒకటి పడి ముద్దయిపోయిన బూరలు, పియానో అందులో విడివిడిగా వినిపించాయి. నా పాత సీడీ ఇప్పుడు అటక మీద ఉంది.