చెవికి దొరికే గ్రహాలు: ఎలైట్ డేంజరస్ స్కానర్‌తో కొన్నేళ్ళు

ఎలైట్ డేంజరస్ అనే అంతరిక్ష వీడియో గేమ్‌లో యుద్ధాలున్నాయి, సరుకుల వ్యాపారం ఉంది, గనుల తవ్వకం ఉంది. వాటి గురించి చెప్పేవాళ్ళు చాలామందే ఉన్నారు. నేను చెప్పాలనుకున్నది ఒక శబ్దం గురించి. ఓడలో గ్రహాలు వెతికే ఎఫ్ఎస్ఎస్ స్కానర్ తెరిచి, రేడియోలో స్టేషన్ పట్టినట్టు ట్యూనింగ్ మెల్లగా జరుపుతూ పోతుంటే, భూమిలాంటి గ్రహం తగిలినప్పుడు వినిపించే శబ్దం. ఇన్నేళ్ళుగా ఆడుతున్నా, అది వినపడగానే ఇప్పటికీ నాకు గుండె ఒక్కసారి గట్టిగా కొట్టుకుంటుంది.

ఆట తెలియనివాళ్ళ కోసం నాలుగు ముక్కలు. ఇందులో మన పాలపుంత అంతా ఉంది, దాదాపు 40,000 కోట్ల నక్షత్ర వ్యవస్థలతో. వాటిలో చాలా చాలా భాగానికి ఇంతవరకు ఏ ఆటగాడూ వెళ్ళలేదు. కొత్త నక్షత్రం దగ్గరికి జంప్ చేయగానే ఒక హాంక్ కొడతాం, అంటే ఓడ నుంచి చుట్టూ ఒక స్కాన్ సంకేతం వదులుతాం, అక్కడ ఎన్ని గ్రహాలు, ఉపగ్రహాలు ఉన్నాయో లెక్క తెలుస్తుంది. ఏది ఏమిటో తెలియాలంటే మాత్రం స్కానర్ తెరవాలి. రాతి గ్రహానికి, మంచు గ్రహానికి, గ్యాస్ జెయింట్‌కి (పెద్ద వాయు గ్రహం) తలా ఒక ఫ్రీక్వెన్సీ, తలా ఒక శబ్దం. అందరూ వెతికేవి మూడు: నీటి గ్రహం, అమ్మోనియా గ్రహం, ఎర్త్‌లైక్ (భూమిలాంటి గ్రహం). మూడింటిలో దొరకడం కష్టమైనవి చివరి రెండు. నేను పడిచచ్చేది ఎర్త్‌లైక్ కోసం.

2018 డిసెంబర్ దాకా ఈ పద్ధతి లేదు. అప్పట్లో మంచి స్కానర్ ఉంటే హాంక్ కొట్టగానే సిస్టమ్ మ్యాప్‌లో అన్ని గ్రహాల బొమ్మలూ వచ్చేసేవి. నీలంగా, మబ్బులతో కనబడితే ఓడ అటు తిప్పేవాళ్ళం. అప్‌డేట్ వచ్చాక ఆ బొమ్మలు పోయాయి, వాటి బదులు గీతలు, శబ్దాలు వచ్చాయి. పాతవాళ్ళలో చాలామందికి అది నచ్చలేదు. పని పెరిగిందన్నారు, నిజంగానే పెరిగింది. కానీ నాకు ఈ ఆట మీద ప్రేమ పుట్టింది ఆ మార్పుతోనే. చూసి తెలుసుకోవడం కంటే విని పట్టుకోవడంలో ఉన్న ఉత్కంఠ వేరు.

ఈ శబ్దాలు ఎంత బాగా చేశారో నాకు పూర్తిగా తెలిసింది మా నాయన వల్ల.

నాయనకు ఎడమ కంటికి శుక్లం ఆపరేషన్ చేయించడానికి ప్రొద్దుటూరు నుంచి బెంగళూరుకు, మారతహళ్లిలో మా ఇంటికి తీసుకొచ్చాం. ఆపరేషన్ బాగానే అయింది. కొన్నాళ్ళు కళ్ళకు శ్రమ పెట్టొద్దన్నారని టీవీ కట్టేశాం. ఊళ్ళో అయితే అరుగు మీద నలుగురితో మాట్లాడుతూ పొద్దు పుచ్చేవాడు. ఇక్కడ ఎనిమిదో అంతస్తులో నల్లద్దాలు పెట్టుకుని కూర్చుంటే ఆయనకు ఊపిరాడలేదు. సాయంత్రం నా గదిలోకి వచ్చి కుర్చీలో కూర్చునేవాడు. ఒకరోజు హెడ్‌ఫోన్లు పక్కన పెట్టి స్పీకర్లలో ఆడుతుంటే, "ఏందిరా ఆ సద్దు? మిషన్ ఏమన్నా చెడిపోయిందా?" అన్నాడు.

చెడిపోలేదు, గ్రహాలు వెతుకుతున్నానని చెప్పా. ఒక్కో రకం గ్రహానికి ఒక్కో శబ్దమని వరసగా వినిపించా. నాయన కరెంటు డిపార్ట్‌మెంట్‌లో లైన్‌మన్‌గా రిటైరయ్యాడు. ట్రాన్స్‌ఫార్మర్ మూలుగు విని లోడ్ ఎక్కువైందో, లోపల ఏదైనా వదులైందో చెప్పగలిగిన మనిషి. రెండు మూడు సాయంత్రాలకే గ్యాస్ జెయింట్ ఏదో, నీటి గ్రహం ఏదో నాకంటే ముందు చెప్పడం మొదలుపెట్టాడు. అమ్మోనియా గ్రహం వస్తే మాత్రం "ఇది వద్దురా, మనసు పాడైతాంది" అనేవాడు. ఆ శబ్దం నిజంగా అలాగే ఉంటుంది.

అప్పుడు నేను కొలోనియా నుంచి తిరుగుదారిలో ఉన్నా. ఆటలో మనుషులు స్థిరపడిన దూరపు చోటు అది, మన సూర్యుడి నుంచి దాదాపు 22,000 కాంతి సంవత్సరాలు. గెలాక్సీ మ్యాప్‌లో ఎఫ్, జి, కె రకం (మన సూర్యుడు, దానికి దగ్గరి రకాలు) నక్షత్రాలకు ఫిల్టర్ పెట్టుకుని, అందరూ పోయే దారికి పక్కగా వస్తున్నా. ఎర్త్‌లైక్ దొరికే అవకాశం ఆ రకం నక్షత్రాల దగ్గర మెరుగు. ఆ రోజు దిగింది ఒక నారింజ రంగు నక్షత్రం దగ్గర. చుట్టూ ఉన్నవన్నీ మంచు గడ్డలే. దానికి ఒక తోడు నక్షత్రం చాలా దూరంలో ఉంది. అక్కడి గ్రహాల మీదికి స్కానర్ తిప్పి, ట్యూనింగ్ కాస్త వేగంగా జరిపా.

"ఆగు ఆగు. ఎనక్కి తిప్పు."

తిప్పా.

"ఇది నీళ్ళది కాదబ్బీ. ఇంకో మాదిరి ఉంది. నిదానంగా రా."

నిదానంగా వచ్చా. గ్యాస్ జెయింట్ గరగర వెనక నుంచి సన్నగా, ఏదో కదులుతున్నట్టు ఒక సద్దు. అది గ్యాస్ జెయింట్ చుట్టూ తిరిగే ఉపగ్రహం. జూమ్ చేస్తే నీలం, తెలుపు, ఒక పక్కన గోధుమ రంగు నేల. ఎర్త్‌లైక్ ఇలా గ్యాస్ జెయింట్‌కు చందమామగా ఉండటం మరీ అరుదు. అంతకుముందు ఎవరి పేరూ దాని మీద లేదు. నేను కేకేశాను. వంటింట్లోంచి మా ఆవిడ పరిగెత్తుకొచ్చింది, ఆయన కంటికేమైనా అయిందేమోనని.

అక్కడికి చేరడానికి చాలాసేపు పట్టింది. దారిలో నాయన అడిగాడు, ఇవన్నీ ఉత్తుత్తివేనా అని. లెక్క ప్రకారం పుట్టినవి అన్నాను. నక్షత్రం బరువు, వయసు, చుట్టూ ఉన్న పదార్థం తీసుకుని ఏ గ్రహాలు ఏర్పడతాయో ఆట తానే లెక్క కడుతుంది. ఆ లెక్క ఎంత దగ్గరగా వెళ్తుందో చెప్పడానికి ట్రాపిస్ట్-1 సంగతి చెప్పా. 2017 ఫిబ్రవరిలో, సుమారు 40 కాంతి సంవత్సరాల దూరంలోని ఆ చిన్న నక్షత్రం చుట్టూ 7 గ్రహాలున్నాయని నాసా ప్రకటించింది. చూస్తే ఆటలో ఇంచుమించు అంతే దూరంలో, చల్లని మసక నక్షత్రం చుట్టూ 7 గ్రహాలున్న వ్యవస్థ ముందే ఉంది! తయారుచేసినవాళ్ళు దాన్నే కొంచెం సరిచేసి ట్రాపిస్ట్-1గా మార్చారు. నాయన చాలాసేపు ఏమీ అనలేదు.

చేరాక ప్రోబ్‌లు వదిలి మ్యాపింగ్ చేశా. చీకటి వైపు ఒక్క దీపం లేదు, మనుషులున్న గ్రహాలకైతే ఊళ్ళ వెలుగులు కనబడతాయి. చూసింది చూసినట్టు ఆయనకు చెబుతూ పోయా. అంతా విని, "సరే, దిగు మరి" అన్నాడు.

దిగలేం. ఈ ఆట మీద నాకున్న అతిపెద్ద బాధ ఇదే. 2021లో ఒడిస్సీ అనే అదనపు భాగం వచ్చాక పలచటి వాతావరణం ఉన్న గ్రహాల మీద దిగి నడవొచ్చు, అంతవరకే. చిక్కటి గాలి ఉన్న ఎర్త్‌లైక్‌ను పైనుంచి చూడాల్సిందే. "ఇంత దూరం వచ్చి దిగకుంటే ఎట్లరా?" అన్న ఆయన ప్రశ్నకు నా దగ్గర జవాబు లేదు. తలుపు తెరవని ఇంటి చుట్టూ తిరిగొచ్చినట్టు ఉంటుంది ప్రతిసారీ.

దొరికిన గ్రహం మన పేరు మీద పడాలంటే ఆ డేటా తెచ్చి యూనివర్సల్ కార్టోగ్రాఫిక్స్‌లో, అంటే ఆటలో గ్రహాల సమాచారం కొనే సంస్థలో, అమ్మాలి. ఈలోగా ఓడ పేలిపోతే మొత్తం పోతుంది. ఇంకెవరైనా ముందు అమ్మేస్తే పేరు వాళ్ళది. న్యూట్రాన్ నక్షత్రాల జెట్‌లోకి ఓడను దూర్చి ఛార్జ్ చేసుకుంటే మామూలుకు నాలుగు రెట్ల దూరం దూకొచ్చు, కానీ దాంతో ఓడ దెబ్బతింటుంది. ఆ టెన్షన్ వద్దని నింపాదిగా, మామూలు జంప్‌లతోనే వచ్చా. అమ్మేసరికి నాయన ఊరికి వెళ్ళిపోయాడు. ఆటలో నా కమాండర్ పేరుగా మా ఇంటిపేరే పెట్టుకున్నా. ఇప్పుడు ఆ గ్రహం సమాచారంలో, మొదట కనుగొన్నవారు అన్న చోట అదే ఉంది. ఫోన్‌లో చెబితే మొత్తం రెండుసార్లు చెప్పించుకున్నాడు.

అయితే ఒకటి రెండు మాటలు సవరించుకోవాలి. చెవి ఉంటే చాలు, కళ్ళు మూసుకుని గ్రహాలు పట్టొచ్చని ఇదివరకు స్నేహితులకు చెబుతుండేవాణ్ని. అంత కాదు. ట్యూనింగ్ కలిసి, గురి కూడా దగ్గరికి వస్తేనే శబ్దం తేటగా వినిపిస్తుంది, ఆ గురికి కళ్ళు కావాల్సిందే. ఆ రోజు కూడా నాయన చెవి, నా కళ్ళు కలిస్తేనే పని జరిగింది. పగటిపూట కింద రింగ్ రోడ్డు హోరులో సన్నటి తేడాలు దొరకవు. ఉన్నచోటి నుంచే అన్నీ తెలిసిపోతాయి కాబట్టి దగ్గరికి వెళ్ళి చూసే అలవాటు కూడా తగ్గుతుంది. నేను పేరు వేయించుకున్న గ్రహాల్లో కొన్నిటిని దగ్గరగా చూడనేలేదు. పాతవాళ్ళ అసంతృప్తిలో కొంత నిజముందని ఇప్పుడు ఒప్పుకుంటా.

ఆటలో డబ్బు అయిన క్రెడిట్ల కోసమైతే ఎర్త్‌లైక్‌ల వెంట పడక్కర్లేదు. ఒడిస్సీ ఉంటే, పలచటి గాలి ఉన్న గ్రహం మీద దిగి స్ట్రాటమ్ టెక్టోనికస్ అనే ఒక్క జీవజాతి నమూనాలు తీస్తే 1.9 కోట్ల క్రెడిట్లు వస్తాయి. ఎర్త్‌లైక్ ఇచ్చేది దాని ముందు చిన్న మొత్తం.

కొనమంటానా? నాది రాత్రి షిఫ్ట్ ఉద్యోగం. సెలవు రోజున కూడా తెల్లవారుజాము దాకా నిద్ర రాదు, ఇల్లంతా నిశ్శబ్దంగా ఉంటుంది. నాకు సరిగ్గా సరిపోయింది. రోజుకు అరగంట మాత్రమే దొరికేవాళ్ళకు నాలుగు మంచు గడ్డలు స్కాన్ చేసేసరికి సమయం అయిపోతుంది. ఒంటరిగా ఆడినా నెట్ ఉండాల్సిందే, కాబట్టి కరెంటు పోయే ఏరియా అయితే రౌటర్‌కు చిన్న యూపీఎస్ పెట్టుకోండి. స్క్రీన్ కంటే ముందు మంచి హెడ్‌ఫోన్లు కొనండి. కన్సోల్ మీద ఆడేవాళ్ళకు ఒడిస్సీ రాలేదు, ఇక రాదని 2022లోనే తేల్చేశారు. పీసీ లేకపోతే మాత్రం దీని కోసమని కొత్తగా ఒకటి కొనమని నేను చెప్పలేను. నాకైతే రెండో కంటి ఆపరేషన్‌కు నాయన మళ్ళీ వస్తున్నాడు. ఈసారి పోయే దారి అప్పుడే మ్యాప్‌లో గీసి పెట్టుకున్నా.