ఐర్లాండ్ గతం: కీటింగా, నలుగురు ఆచార్యులా?

జెఫ్రీ కీటింగ్ రాసిన ఐర్లాండ్ చరిత్ర, ‘నలుగురు ఆచార్యుల వార్షికాలు’: 1630లలో ఐరిష్ భాషలో పుట్టిన ఈ రెండు చరిత్రల్లో ముందు ఏది చదవాలి?

శ్రమ: జెఫ్రీ కీటింగ్ కథలా చదివిస్తాడు. మైఖేల్ ఓ క్లెరీ బృందం 1632–36లో కూర్చిన ‘నలుగురు ఆచార్యుల వార్షికాలు’ మాత్రం ఏటికేడు పద్దులే: ఫలానా రాజు మరణం, ఫలానా మఠం దహనం.

పరిమాణం: ఆంగ్లానువాదంతో కీటింగ్ 4 సంపుటాలు, వార్షికాలు 7.

పరిధి: కీటింగ్ 12వ శతాబ్దపు నార్మన్ల రాకతో ఆపేస్తాడు, వార్షికాలు 1616 దాకా సాగుతాయి.

జాగ్రత్త: రెండింటిలోనూ పురాణం, చరిత్ర కలగలిసే ఉంటాయి. కీటింగ్ తన పక్షపాతాన్ని దాచుకోడు. ఐర్లాండ్‌ను తూలనాడిన ఆంగ్ల కవి స్పెన్సర్ వంటివారిని, తన పీఠికలో, పూలు వదిలి పేడలో దొర్లే పురుగుతో పోల్చాడు. నిజానికి ఆ పీఠిక కోసమైనా చదవాలి!

జాతి తన గతాన్ని ఎలా ఊహించుకుందో తెలియాలంటే కీటింగ్. ఒక వంశం, ఒక మఠం ఆనవాలు తీయాలంటే వార్షికాలు. తొలి శతాబ్దాల తేదీలను మాత్రం మరో ఐరిష్ సంకలనమైన అల్‌స్టర్ వార్షికాలతో సరిచూసుకోవాలి.