బీమిష్ వెళ్తే 1950ల వీధికి సగం రోజైనా ఉంచుకోండి

బీమిష్ అంటే ఇంగ్లండ్‌లో డరమ్ దగ్గరి మ్యూజియం, పాతకాలపు ఊళ్ళనీ వీధుల్నీ ఆరుబయట మళ్ళీ కట్టి చూపిస్తారు. ముందు బస సంగతి చెప్పాలి, ఒళ్ళు మండిపోయింది. డరమ్ దగ్గర ఒక బీ అండ్ బీ, అంటే టిఫిన్‌తో గది ఇచ్చే చిన్న బస. రాత్రికి 92 పౌండ్లు, టిఫిన్‌తో కలిపి అని చూసి బుక్ చేశాం. పొద్దున బిల్లులో మనిషికి 9 పౌండ్లు అదనం! వేడి టిఫిన్‌కి వేరే డబ్బులట. రాత్రి పదికల్లా హీటింగ్ ఆపేశారు. అత్తయ్యకి ఇంకో దుప్పటి అడిగితే దానికీ 5 పౌండ్లు. మా ఆయన మధ్యాహ్నం దాకా ఎవరితోనూ మాట్లాడలేదు. న్యూకాసిల్‌లోనే బస చేయండి, అక్కణ్ణించి బస్సులో రావచ్చు.

బీమిష్ టికెట్ 30 పౌండ్లు పైనే. కానీ ఏడాదంతా చెల్లుతుంది, పైగా ఆ ఒక్క రోజుకే గిట్టింది. అందరూ ట్రామెక్కి 1900ల ఊరికి పోయి అక్కడే అలిసిపోతున్నారు. మేం నేరుగా 1950ల వీధికి వెళ్ళాం.

అక్కడ లీజింగ్‌థోర్న్ గని కార్మికుల వెల్ఫేర్ హాలును మళ్ళీ కట్టారు, లోపల ఆనాటి ఎన్‌హెచ్ఎస్ (బ్రిటన్ ప్రభుత్వ వైద్య సేవ) క్లినిక్. అత్తయ్య ప్రభుత్వాసుపత్రిలో నర్సుగా రిటైరయ్యారు. పసిపిల్లల్ని తూచే త్రాసు పళ్ళేన్ని చేత్తో నిమిరి, "మా సెంటర్లోనూ ఇలాంటిదే ఉండేదమ్మా, అడుగున గుడ్డ పరిచి పడుకోబెట్టేవాళ్ళం" అన్నారు. అక్కడి ఆవిడతో మాటల్లో పడ్డారు, నేను తెలుగు చేసి చెప్పాను. ఆవిడ చెప్పిందిది: 1911 నాటి ప్రభుత్వ ఇన్సూరెన్సు పనికెళ్ళే మగవాడికి డాక్టర్ని చూపించేది, ఇంట్లో భార్యకీ పిల్లలకీ కాదు. డాక్టరు ఫీజుకి భయపడి ఆడవాళ్ళు ఏళ్ళ తరబడి నొప్పులు ఓర్చుకున్నారు. 1948 జూలై 5న ఎన్‌హెచ్ఎస్ మొదలై అందరికీ వైద్యం ఉచితం కాగానే వాళ్ళంతా క్లినిక్కులకి వచ్చారు. అత్తయ్య కళ్ళు తుడుచుకున్నారు. "మన దగ్గరా అంతేగా, ఆఖరున వచ్చేది ఇంటావిడే" అన్నారు.

బ్రిటన్‌లో తిండి సరుకుల రేషన్ 1940లో మొదలై 1954 జూలై దాకా సాగిందంటే మాత్రం అత్తయ్య నమ్మలేదు. యుద్ధం గెలిచాక తొమ్మిదేళ్ళా అని మళ్ళీ మళ్ళీ అడిగారు. మిఠాయిలకి 1953లో విముక్తి, మాంసానికి అన్నిటికంటే చివర.

ఆకలేసి చేపల దుకాణం వైపు నడిచాం. ఒక్క మాట: ఈ ప్రాంతంలో చాలా చోట్ల చేపల్నీ చిప్స్‌నీ గొడ్డు కొవ్వులోనే వేయిస్తారు. పట్టింపు ఉన్నవాళ్ళు క్యూలో నిలబడక ముందే అడగండి.